పాత ఫోను, కొత్త కొట్టు

కిందటి నెలలో ఒక రాత్రి తెనాలి నుంచి నాన్నగారు ఫోన్ చేశారు. "ప్లే స్టోరు తెరుచుకోవడం లేదురా. పక్కింటి కుర్రాడు నెట్‌లోంచి వేరే ప్లే స్టోరు దింపి పెడతానంటున్నాడు. రేపు వస్తాడు. వేయించమంటావా?" అన్నారు.

ఆయన చేతిలో ఉన్న ఫోను ఒకప్పుడు నాదే. మనలో చాలామందికి ఇది అలవాటే కదా! ఇక్కడ మనకి పాతబడిన ఫోను సూట్‌కేసులో ఇండియా వెళ్ళి అమ్మకో నాన్నకో కొత్త ఫోను అవుతుంది. ఆండ్రాయిడ్ 4.4 దగ్గరే ఆగిపోయిన ఆ ఫోనులోనే ఆయన సిమ్ము ఉంది. బ్యాంకు ఓటీపీలన్నీ దానికే వస్తాయి. అందుకే "రేపు అతను వచ్చాక నాకు ఫోన్ చేయండి, అప్పటిదాకా ఏమీ వేయించకండి" అన్నాను.

పాత ఫోనులోకి యాప్ స్టోరుని మనంతట మనమే ఎక్కించవచ్చా? ఎక్కించవచ్చు. ఎక్కిస్తే పని చేస్తుందా? అది వేరే ప్రశ్న. ఈ రెండింటికీ తేడా ఏమిటో చెప్పడానికి నేనుండే రెడ్‌మండ్ కథే మంచి ఉదాహరణ.

తలుపు వేరు, కొట్టు వేరు

మైక్రోసాఫ్ట్ 2009 అక్టోబరు 6న విండోస్ మొబైల్ 6.5తో పాటు 'విండోస్ మార్కెట్‌ప్లేస్ ఫర్ మొబైల్' అనే యాప్ స్టోరుని తెరిచింది. 6.5 ఫోన్లలో అది ముందే అమర్చి ఉండేది. అప్పటికే పాతవైపోయిన 6.0, 6.1 ఫోన్లకి ఆ నవంబరులో అవకాశం వచ్చింది కాని, వాటిలో స్టోరుని ఎవరికి వారు దింపుకుని ఎక్కించుకోవాలి. అప్పట్లో నా దగ్గర ఉన్నది సెకండ్‌హ్యాండులో కొన్న 6.1 ఫోను. ఆ ఫోనూ, ఆనాడు దింపుకున్న క్యాబ్ ఫైలూ రెండూ ఇంకా నా దగ్గరే ఉన్నాయి.

నాన్నగారితో మాట్లాడిన రాత్రి, సరదాకి ఆ క్యాబ్ ఫైలుని మెమరీ కార్డు మీద వేసి, ఫోనులోని ఫైల్ ఎక్స్‌ప్లోరరులో నొక్కాను. నిమిషంలో ఇన్‌స్టాల్ అయిపోయింది. ఐకాను కూడా వచ్చింది. తెరిస్తే మాత్రం కనెక్ట్ కాలేదు. ఎలా అవుతుంది? ఆ స్టోరు 2012 మే 9న మూతపడింది. క్యాబ్ ఫైలు చేసే పనల్లా తనలోని ఫైళ్ళని ఫోనులో వాటి చోట్ల పెట్టి, రిజిస్ట్రీలో రాసుకోవడమే. సరుకుల జాబితా, ఖాతా, డబ్బు లెక్కలు, అసలు సరుకు, అన్నీ సర్వరులోనే ఉంటాయి. నేను ఫోనుకి బిగించింది తలుపుని. తలుపు వెనకాల కొట్టు లేదు.

2010 సెప్టెంబరులో విండోస్ ఫోన్ 7 పూర్తయిన సంబరంలో ఇదే ఊళ్ళో మైక్రోసాఫ్ట్ ఉద్యోగులు ఐఫోనుకీ బ్లాక్‌బెర్రీకీ ఉత్తుత్తి శవయాత్ర చేశారు. ఆ తర్వాత వచ్చిన విండోస్ ఫోన్ 8.1 స్టోరు కూడా 2019 డిసెంబరు 16న ఆగిపోయింది.

కొట్టు తెరిచే ఉన్నా రానివ్వకపోతే?

గూగుల్ ప్లే బతికే ఉంది కదా, మరి పాత ఆండ్రాయిడ్‌కి ఏమిటి ఇబ్బంది అంటారేమో. అక్కడ మూడు అడ్డంకులున్నాయి.

మొదటిది, వెనకాల పనిచేసే సేవలు. ప్లే స్టోరు ఒంటరిగా నడవదు, ప్లే సర్వీసెస్ మీద ఆధారపడుతుంది. 2023 ఆగస్టు నుంచి ఆండ్రాయిడ్ 4.4కి వాటి కొత్త వెర్షన్లు ఆపేశారు. ఇంకా పాతవైన 2.3.7, అంతకు ముందరి ఫోన్లలోనైతే 2021 సెప్టెంబరు 27 నుంచి గూగుల్ ఖాతాతో లాగిన్ అవడమే కుదరదు.

రెండోది, భద్రమైన కనెక్షను. ఆండ్రాయిడ్ 4.4కి టీఎల్ఎస్ 1.2 తెలుసు కాని, దాన్ని మామూలుగా వాడుకోవడం 5.0 నుంచే మొదలైంది. పైగా ఏ సర్టిఫికెట్లని నమ్మాలో చెప్పే జాబితా ఆపరేటింగ్ సిస్టమ్‌తోనే వస్తుంది. సిస్టమ్ అప్‌డేట్లు ఆగితే ఆ జాబితా కూడా ఆగిపోతుంది. ఎన్నో సైట్లు వాడే లెట్స్ ఎన్‌క్రిప్ట్ వారి రూట్ సర్టిఫికెట్ ఆండ్రాయిడ్ 7.1.1 నుంచే ఉంది. పాత ఫోన్ల కోసం చేసిన ఏర్పాటు కూడా 2024 సెప్టెంబరు 30తో ముగిసింది.

మూడోది, యాప్‌లే. ప్రతి యాప్ తనకి కనీసం ఏ ఆండ్రాయిడ్ కావాలో చెబుతుంది. స్టోరు ఎలాగో తెరుచుకున్నా, నాన్నగారికి కావలసిన యాప్ ఆ ఫోనుకి దొరకాలని లేదు.

సంతకం చూడండి

మర్నాడు నాన్నగారు స్పీకరు పెట్టి ఫోన్ చేసేసరికి కుర్రాడు ఏపీకే ఫైలు దింపేశాడు కూడా. "తెర మీద ఏముందో చదవండి" అన్నాను. "ఈ అప్లికేషన్ ఇన్‌స్టాల్ చేయాలా అని అడుగుతోంది" అన్నారు. "అప్‌డేట్ అన్న మాట ఎక్కడైనా ఉందా?" "లేదు." "అయితే క్యాన్సిల్ నొక్కేయండి."

ఎందుకంటే ఆండ్రాయిడ్ యాప్‌ని గుర్తుపట్టేది బొమ్మనీ పేరునీ చూసి కాదు. ప్యాకేజీ పేరునీ, తయారు చేసినవారి డిజిటల్ సంతకాన్నీ చూసి. ఆ ఫోనులో అసలు ప్లే స్టోరు ముందే ఉంది. వచ్చినది నిజంగా గూగుల్ వారిదే అయితే, ఉన్నదాన్ని అప్‌డేట్ చేయమంటారా అని అడగాలి. ప్యాకేజీ పేరు అదే అయి సంతకం తేడాగా ఉంటే సిస్టమే వద్దంటుంది. కొత్త యాప్‌లా అడిగిందంటే, అది అదే బొమ్మ తగిలించుకున్న వేరే యాప్ అన్నమాట. దానికి మెసేజీలు చదివే అనుమతి ఇస్తే ఓటీపీలు ఎవరికి చేరతాయో!

అసలు ప్లే స్టోరే లేని టాబ్లెట్లలో పోల్చుకోవడానికి పాత సంతకం ఉండదు కాబట్టి, అక్కడ ఇంకా ఎక్కువ జాగ్రత్తగా ఉండాలి.

మీరూ ఇలాంటి పని పెట్టుకుంటే ఈ వరుసలో వెళ్ళండి. ముందు సెట్టింగ్స్‌లో ఆండ్రాయిడ్ వెర్షను, ప్రాసెసరు రకం చూసుకోండి. ఆ వెర్షనుకి స్టోరు సర్వరు ఇంకా జవాబిస్తోందో లేదో కనుక్కోండి. ఫొటోలు, కాంటాక్టులు కంప్యూటరులోకి తీసిపెట్టుకోండి. ఫైలుని మీ కంప్యూటరులో దింపి, ఆండ్రాయిడ్ ఎస్‌డీకేలోని ఏపీకే సైనరుతో సంతకం సరిచూసి, అప్పుడు ఫోనులోకి ఎక్కించండి. పని కాగానే 'అన్‌నోన్ సోర్సెస్' మళ్ళీ ఆపేయండి. స్వేచ్ఛా సాఫ్ట్‌వేరు చాలనుకుంటే ఎఫ్-డ్రాయిడ్ నయం. అక్కడ ప్రతి వెర్షను పక్కనా ఏ ఆండ్రాయిడ్ కావాలో రాసి ఉంటుంది.

నాన్నగారి విషయంలో ఇవేవీ చేయలేదు. సిమ్ము తీయించి మంచి ఫోనులో వేయించాను. పాతది ఇప్పుడు ఘంటసాల పాటల పెట్టె. దానికి స్టోరూ అక్కర్లేదు, ఇంటర్నెట్టూ అక్కర్లేదు.

తప్పు ఆ కుర్రాడిది కాదు. సాయం చేద్దామనే వచ్చాడు. అప్‌డేట్లు ఆగిపోయిన ఫోనుని బ్యాంకు సిమ్ముతో సహా ఆయన చేతిలో ఉంచింది నేను. 2023లో పిక్సెల్ 8తో గూగుల్, 2024లో గెలాక్సీ ఎస్24తో శాంసంగ్ ఏడేళ్ళ అప్‌డేట్లు ఇస్తామన్నాయి. ఈసారి సూట్‌కేసులో ఫోను పెట్టేముందు, ఆ ఏడింటిలో ఇంకా ఎన్నేళ్ళు మిగిలాయో లెక్కపెట్టండి.