తాళం పగిలిన సంగీతం

పాటకు బాణీ కట్టి రికార్డు చేయాలంటే ఒకప్పుడు వాద్యబృందమూ, స్టూడియో కావలసి ఉండేవి. నేడు ఇంటిలోని కంప్యూటరే తబలా మొదలు వయొలిన్ల బృందం వరకు పలికిస్తున్నది. అయితే ఏబుల్‌టన్ లైవ్, కొంటాక్ట్ వంటి సాఫ్ట్‌వేర్ల పూర్తి రూపాల వెల వందల డాలర్లలో ఉంటుంది. ఉగాది వేడుకకు పాట కట్టాలని ఉబలాటపడే హైస్కూలు విద్యార్థికి అది భారమే. అందువల్లనే ఉచితంగా దొరికే "క్రాక్" కాపీ వైపు మనసు మళ్ళుతుంది.

లైసెన్సు ఉన్నదో లేదో పరీక్షించే ఆదేశాలు అసలు సాఫ్ట్‌వేర్‌లో ఉంటాయి. వాటిని మార్చి, ఆ పరీక్షను తప్పించడమే క్రాక్. పేరున్న తయారీదారులు సాధారణంగా తమ ఫైళ్ళపై డిజిటల్ సంతకం చేస్తారు. ఫైలులో ఒక్క అక్షరం మారినా ఆ సంతకం చెల్లదు. కంప్యూటరు అనుమానించి అడ్డు చెబుతుంది. కనుకనే "ముందుగా యాంటీవైరస్‌ను ఆపివేయండి" అన్న సూచన ఇటువంటి కాపీల వెంట తరచు వస్తుంది. కాపలావాణ్ణి ఇంటికి పంపి తలుపు తీయమనడమన్నమాట! తాళం తీసినవాడు లోపల ఇంకేమి పెట్టి పోయాడో సామాన్యునికి తెలిసే మార్గం లేదు.

2019లో ఈసెట్ అనే కంప్యూటరు భద్రతా సంస్థ వెల్లడించిన "లౌడ్‌మైనర్" ఉదంతం ఇందుకు నిదర్శనం. ఆ సంస్థ పరిశీలించిన ఒకే వెబ్‌సైటులో ఇటువంటి సంగీత సాఫ్ట్‌వేర్లు 137 ఉండగా, వాటిలో 42 విండోస్‌కు, 95 మాక్‌కు ఉద్దేశించినవి. మాక్‌కు వైరస్ భయం లేదనేవారు గమనించవలసిన సంఖ్య ఇది. సంగీత సాఫ్ట్‌వేర్‌తోపాటు లినక్స్‌పై నడిచే మరొక కల్పిత కంప్యూటరు రహస్యంగా చేరి, మొనేరో అనే డిజిటల్ నాణేన్ని అపరిచితుల కోసం సంపాదించి పెట్టేది. సంగీత సాఫ్ట్‌వేర్‌నే ఎంచుకోవడంలో వారి తెలివి కనిపిస్తుంది. సంగీతానికి వాడే కంప్యూటర్లు శక్తిమంతమైనవి. వాద్యధ్వనుల ఫైళ్ళు సహజంగానే బృహత్తరమైనవి కనుక అదనపు ఫైలు కంటబడదు. ఫ్యాను హోరెత్తినా పాట మిక్సింగు వల్లనేనని ఎవరైనా సరిపెట్టుకుంటారు.

2020లో ఏబుల్‌టన్ లైవ్ దొంగ కాపీలతో మాక్‌లలో ప్రవేశించిన "ఈవిల్‌క్వెస్ట్" మరింత క్రూరమైనది. అది ఫైళ్ళను బంధించి 50 డాలర్లు అడిగేది. కీబోర్డుపై నొక్కిన అక్షరాలను సైతం దొంగచాటుగా నమోదు చేసేది. పిల్లవాడు పాట కట్టే కంప్యూటరులోనే తండ్రి పన్ను కాగితాలూ, బ్యాంకు పాస్‌వర్డులూ, అమ్మమ్మ గొంతు రికార్డులూ ఉండే ఇళ్ళు ఎన్నో!

నిజానికి ఈ సాహసం అవసరమే లేదు. గ్యారేజ్‌బ్యాండ్ మాక్ వాడేవారికి ఉచితం. ఎల్.ఎం.ఎం.ఎస్. ఎవరికైనా ఉచితమే. రీపర్‌ను 60 రోజులు పరీక్షించి చూడవచ్చు. పెద్ద సాఫ్ట్‌వేర్లలో కొన్నింటికి విద్యార్థుల రాయితీ కూడా ఉన్నది.

క్రాక్ కాపీ ఇప్పటికే చేరి ఉంటే దానిని తొలగించినంత మాత్రాన చాలదు. ముఖ్యమైన పత్రాలనూ, ఫోటోలనూ వేరొక చోట భద్రపరచి, ఆపరేటింగ్ సిస్టమ్‌ను మొదటినుండి తిరిగి ఎక్కించడం మేలు. పాస్‌వర్డులను మాత్రం మరొక కంప్యూటరు నుండి మార్చుకోవాలి.