ఉద్యోగం తీసేశారా? మీ గడువు ఎంత, మీ దారి ఏది?

తొలగింపు ఉత్తర్వు మీద తేదీ పడిందంటే గడువు పరుగు మొదలైనట్టే. శిక్ష ఎంత అన్యాయమైనదైనా, ఉద్యోగి ఏ కోవకు చెందుతాడు, ఎప్పటిలోగా కదిలాడు అన్నవే ముందు చూస్తారు. వెళ్లిన చోటును బట్టే దొరికే ఊరటా మారుతుంది.

కార్మికులకు: 2 ఏళ్లు, 45 రోజులు, 90 రోజులు

పారిశ్రామిక సంబంధాల కోడ్ 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చింది. దాని ప్రకారం ఒక్క కార్మికుడి తొలగింపు కూడా పారిశ్రామిక వివాదమే. యూనియన్ వెంట రాకపోయినా ఫర్వాలేదు. ముందు కార్మికశాఖ కన్సిలియేషన్ అధికారిని ఆశ్రయించాలి. వివాదం తలెత్తి 2 ఏళ్లు దాటితే ఆయన చేపట్టరు. పాత చట్టంలో తొలగింపుపై లేబర్ కోర్టుకు వెళ్లేందుకు 3 ఏళ్లు ఉండేది. అధికారి 45 రోజుల్లో రాజీ కుదర్చాలి, లేదా నివేదిక ఇవ్వాలి. అది అందాక 90 రోజుల్లోగా ట్రిబ్యునల్‌కు వెళ్లవచ్చు.

మేనేజర్లకు ఈ దారి లేదు. నెలకు రూ.18,000కు మించి జీతం తీసుకునే సూపర్‌వైజర్లకూ లేదు. అయితే హోదా పేరు కన్నా చేసే పనే ముఖ్యం.

300 మంది లేదా అంతకు మించి కార్మికులున్న సంస్థల్లో సస్పెన్షన్ విధిస్తే విచారణ సాధారణంగా 90 రోజుల్లో ముగియాలి. ఆ 90 రోజులు జీతంలో 50 శాతం, జాప్యం కార్మికుడి వల్ల కాకపోతే ఆ తర్వాత 75 శాతం జీవనభృతిగా ఇవ్వాలి.

కేంద్ర ఉద్యోగులకు: 45 రోజులు, 6 నెలలు, ఏడాది

శిక్ష ఉత్తర్వు అందిన 45 రోజుల్లో పై అధికారికి అప్పీలు చేసుకోవాలి. అప్పీలు తేలాక ఏడాదిలోగా కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ (క్యాట్)కు వెళ్లవచ్చు. 6 నెలలైనా జవాబు రాకపోతే, ఆ 6 నెలలు ముగిసిన నాటి నుంచి ఏడాది గడువు. క్యాట్ తీర్పు నచ్చకపోతే హైకోర్టు ధర్మాసనం ఉంది. 1997 నాటి సుప్రీంకోర్టు ఎల్.చంద్రకుమార్ తీర్పుతో ఈ దారి తెరుచుకుంది.

రాష్ట్ర ఉద్యోగులకు: 226వ అధికరణం

ఉమ్మడి రాష్ట్రంలో ఉన్న పరిపాలనా ట్రిబ్యునల్ ఇప్పుడు ఏపీలోనూ, తెలంగాణలోనూ లేదు. శాఖాపరమైన అప్పీలు ముగిశాక రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయాలి. రిట్‌కు నిర్దిష్ట గడువేమీ లేకున్నా, కారణం లేని ఆలస్యం కేసును ముంచుతుంది.

మిగతా ప్రైవేటు ఉద్యోగులకు: 6 నెలలు, 3 ఏళ్లు

1988 నాటి దుకాణాలు, సంస్థల చట్టం పరిధిలోని సంస్థలో 6 నెలలు వరుసగా పనిచేసిన వారిని తగిన కారణం లేకుండా, నెల నోటీసో దానికి బదులు జీతమో ఇవ్వకుండా తీసేయకూడదు. ఆ చట్టం కింద అప్పీలుకు అధికారి ఉంటారు. ఏ రక్షణా వర్తించని మేనేజర్లకు మిగిలేది సివిల్ దావా. సాధారణంగా దానికి గడువు 3 ఏళ్లు. అక్కడ నష్టపరిహారం దొరకవచ్చు కానీ ఉద్యోగం తిరిగి రావడం అరుదు.

ఎవరి అధికారం ఎంత?

కార్మికుడి కేసులో సాక్ష్యాన్ని మళ్లీ తూచి శిక్ష తగ్గించే అధికారం లేబర్ కోర్టుకు, ట్రిబ్యునల్‌కు పాత చట్టానికి 1971లో చేసిన సవరణతోనే వచ్చింది. రిట్ విచారించే హైకోర్టుకు అంత వెసులుబాటు లేదు. శాఖాపరమైన విచారణపై హైకోర్టు అప్పీలు కోర్టు కాదని ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన శ్రీరామారావు కేసులో 1963లోనే సుప్రీంకోర్టు తేల్చింది. విచారణ పద్ధతి తప్పిందా, అసలు ఆధారమే లేదా, శిక్ష మరీ మితిమీరిందా అన్నవే హైకోర్టు చూస్తుంది. సర్కారు కొలువే భద్రమనుకుంటాం కానీ, ఈ ఒక్క విషయంలో ఫ్యాక్టరీ కార్మికుడిదే పైచేయి.

పద్ధతి తప్పిందని గెలిచినా కథ ముగియదు. 1993లో హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులో అయిదుగురు న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం, విచారణ నివేదిక ప్రతిని ఉద్యోగికి ఇవ్వాల్సిందేనంది. ఇవ్వనందువల్ల నష్టం జరిగిందని తేలితేనే శిక్ష రద్దవుతుంది. అప్పుడూ విచారణ నివేదిక ఇవ్వాల్సిన దశ నుంచి మళ్లీ మొదలవుతుంది.

అందుకే విచారణలో ఉండగానే పత్రాలు కావాలని రాతపూర్వకంగా అడగాలి. సాక్షులను ప్రశ్నించనివ్వకపోతే ఆ అభ్యంతరాన్ని రికార్డు చేయించాలి. ఆనాడు ఫైల్లోకి ఎక్కని మాటను పై కోర్టులో నిరూపించడం చాలా కష్టం.