కొలతల చిట్టా: ఆర్.ఆర్.డి. టూల్

నూతిలోని నీటిమట్టమును యంత్రము గంటకొకమాఱు కొలిచి తెలుపుచుండినచో, సంవత్సరమునకు 8,760 కొలతలగును. ఇట్లు కాలముతో ముడిపడిన యంకెలను భద్రపఱచుటకు ప్రత్యేకమైన డేటాబేసులు కలవు. వానిలో ఆర్.ఆర్.డి. టూల్ ఒకటి. టోబియాస్ ఓటికర్ గారు దీనిని రచించి 1999లో వెలువరించిరి. ఇది ఓపెన్ సోర్సు. అనగా దీని మూలపాఠమును ఎవరైనను చదివి, సవరించి, వెల యీయక వాడుకొనవచ్చును.

దీని నడక గానుగయెద్దు నడకవంటిది. దస్త్రమునందలి గడులెన్నియో మొదటనే నిర్ణయింపబడును. అవి నిండిన పిమ్మట క్రొత్త కొలత మిక్కిలి పాతదాని స్థానము నాక్రమించును. కావున దస్త్రము పెరుగదు. కొలతలు వచ్చుచుండగనే వాని దినసరి సగటును వేఱొక వరుసలో నిలుపునట్లు ఏర్పఱుపవచ్చును.

ఇచ్చట నొక హెచ్చరిక. సగటు మాత్రమే నిలిచినచో, మోటారు నడచిన రెండుగంటలలో నీరు అడుగంటిన సంగతి మఱుగుపడును. నూయి బాగున్నదని భ్రమసి మఱియొక యెకరము నాటినవాడు నష్టపోవును. కావున కనిష్ఠమును గూడ వేఱుగ నిలుపుమని ప్రారంభముననే తెలుపవలెను. చెఱిగిన కొలతను మరల రాబట్టు నుపాయము లేదు. విత్తుటకు ముందే సాళ్లెడము నిర్ణయించుకొనుట మనమెఱిగినదే కదా!