పట్టాలైపోయిన కొండ

నా బల్ల మీద పిడికెడంత రాయి ఒకటుంది. చూడ్డానికి మామూలు నల్లరాయే. చేతిలోకి తీసుకుంటే మాత్రం మణికట్టు కిందికి వాలిపోతుంది. అంతే ఉన్న గ్రానైటు ముక్క కన్నా దాదాపు రెట్టింపు బరువు. దాన్ని టైలు వెనకవైపు, గరుకుగా ఉన్నచోట గీస్తే నల్లగీత పడదు, ఎర్రగీత పడుతుంది. మన పల్లెల్లో గడపలకీ గోడలకీ పూసే జాజు రంగు అది. జాజులోనూ ఈ రాతిలోనూ ఉన్నది ఒకటే: హెమటైట్, ఇనుప ఖనిజం. నా దగ్గరున్న రాయి దల్లీ రాజహరా అనే గనుల ఊరిది.

విశాఖ ఉక్కు ఊసెత్తితే చాలు, ‘సొంత గనులు లేవు’ అన్న మాట తెలుగువాళ్ల నోట వెంటనే వస్తుంది. ఛత్తీస్‌గఢ్‌లోని బైలాడిలా ఖనిజాన్ని కొనుక్కోవాల్సిందే. అదే ఛత్తీస్‌గఢ్‌లో ఉన్న భిలాయ్ కర్మాగారానికి మాత్రం మొదటి రోజు నుంచీ సొంత గని ఉంది. భిలాయ్ పేరు తెలియని వాళ్లు తక్కువ. దాని కొలిమికి అన్నం పెట్టిన దల్లీ రాజహరా పేరు తెలిసిన వాళ్లు ఇంకా తక్కువ. ఇది నాకు అన్యాయంగా తోస్తుంది.

దుర్గ్‌లో రైలెక్కి దక్షిణంగా వెళితే గుండర్‌దేహి, బాలోద్, కుసుమ్‌కసా దాటి, దాదాపు 85 కిలోమీటర్ల దూరంలో ఆ ఊరు వస్తుంది. దారి పొడుగునా వరిపొలాలే. భిలాయ్‌కి నీళ్లిచ్చే తాందులా జలాశయం బాలోద్ పక్కనే. ఆ పైన నేల లేస్తుంది, మట్టి ఎర్రబడుతుంది. దల్లీ, రాజహరా రెండు వేర్వేరు కొండల పేర్లు, రెండు పల్లెల పేర్లు. గనులొచ్చాక రెండూ కలిసి ఒక ఊరయ్యాయి. 2012లో బాలోద్ జిల్లా ఏర్పడేదాకా ఇది దుర్గ్ జిల్లాలోదే.

ఈ కొండలకు పునాది పడింది సముద్రం అడుగున. సుమారు 250 కోట్ల ఏళ్ల కిందటి సముద్రాల్లో ఇనుము ఉప్పులా కరిగి ఉండేది. ఎండను తిని బతికే సూక్ష్మజీవులు పుట్టి ఆక్సిజన్ వదలడం మొదలెట్టాక, కరిగిన ఇనుము తుప్పుగా మారి అడుక్కి దిగింది. ఒక పొర ఇనుము, ఒక పొర సిలికా, మళ్లీ ఇనుము. ఆ చారలు రాజహరా రాళ్లలో కంటికే కనిపిస్తాయి. తర్వాత భూమి ముడతలు పడి ఆ అడుగు పైకి లేచింది. కోట్ల ఏళ్ల వానలు సిలికా భాగాన్ని కడిగేసి ఇనుమును మిగిల్చాయి. మంచి రాతిలో 65 శాతం దాకా ఇనుమే.

ఈ ఖనిజాన్ని కాగితం మీద పెట్టినవారు ప్రమథనాథ్ బోస్. జియలాజికల్ సర్వేలో పనిచేస్తూ 1887లో ఈ కొండల గురించి రాశారు. ఆ తర్వాత కథ ఒక మ్యూజియంలో మలుపు తిరిగింది. ఉక్కు కర్మాగారానికి చోటు వెతుకుతున్న దోరాబ్‌జీ టాటా, చాందా ప్రాంతంలో పని కుదరక, ఆ సంగతి చెప్పడానికి నాగపూర్‌లో ప్రభుత్వ కార్యాలయానికి వెళ్లారు. కలవాల్సిన అధికారి లేకపోవడంతో, పొద్దుపోక ఎదురుగా ఉన్న మ్యూజియంలోకి నడిచారు. అక్కడి భూగర్భ పటంలో దుర్గ్ ప్రాంతం మీద ఇనుము గుర్తులు కనిపించాయి. ఆయన, అమెరికా నిపుణుడు వెల్డ్ ఇక్కడికొచ్చి చూశారు. కొండ మీద నడుస్తుంటే కాళ్ల కింద లోహం మోగినట్టుందని టాటాల చరిత్ర రాసినవాళ్లు చెబుతారు. ఖనిజం మేలైనదే. కానీ బొగ్గు దూరం, చాలినంత నీరు లేదు. ఇంతలో అదే బోస్, అప్పటికి మయూర్‌భంజ్ సంస్థానం కొలువులో ఉండి, 1904లో జంషెట్‌జీ టాటాకు అక్కడి కొండల గురించి ఉత్తరం రాశారు. కర్మాగారం అటు వెళ్లింది, జంషెడ్‌పూర్ పుట్టింది. రాజహరా మరో యాభై ఏళ్లు అడవిలోనే ఉండిపోయింది.

ఉక్కు కర్మాగారం కట్టడానికి 1955 ఫిబ్రవరి 2న సోవియట్ యూనియన్‌తో భారత ప్రభుత్వం ఒప్పందం చేసుకుంది. అప్పటికి తాందులా ఆనకట్ట ఉంది, హౌరా–బొంబాయి రైలు దారి ఉంది, నందినిలో సున్నపురాయి ఉంది. బొగ్గు రైల్లో తెచ్చుకోవచ్చు. లెక్క కుదిరింది. 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ భిలాయ్‌లో మొదటి బ్లాస్ట్ ఫర్నేస్‌ను ప్రారంభించారు. ఏడాదికి పది లక్షల టన్నులతో మొదలైన సామర్థ్యం తర్వాత 25 లక్షలు, ఆపైన 40 లక్షలకు పెరిగింది. టన్ను ఉక్కుకు టన్నున్నర దాకా ఖనిజం కావాలి. దశాబ్దాల పాటు దేశంలో రైళ్లు నడిచిన పట్టాలు చాలావరకు భిలాయ్‌వే. అంటే మీరు విశాఖ నుంచి సికింద్రాబాద్ వెళుతున్నప్పుడు కింద పరుచుకుని ఉన్నది చాలా మేరకు ఈ కొండే.

దాన్ని తవ్వింది ఎవరు? యంత్రాలున్న గనులు కొన్ని, చేత్తో తవ్విన గనులు కొన్ని. చేతి గనుల్లో మగవాళ్లు సమ్మెటలతో రాళ్లు పగలగొడితే, ఆడవాళ్లు తట్టలకెత్తి లారీలు నింపేవాళ్లు. ఈ ఆడకూలీలను అక్కడ రేజా అంటారు. ఆ రాయి బరువెంతో మొదట్లోనే చెప్పాను. చూడ్డానికి సగం తట్టే అయినా, ఆ రాయి నింపితే మామూలు రాళ్ల నిండు తట్టంత బరువు. దాన్ని నెత్తిన పెట్టుకుని రోజంతా నడిచిన వాళ్లు కాంట్రాక్టర్ల కూలీలు. పర్మనెంటు కార్మికులకు 308 రూపాయల బోనస్ ఇచ్చి, వీళ్లకు 70 ఇస్తామన్నారు.

ఎమర్జెన్సీ ఎత్తేసిన 1977లో వాళ్లు ఉన్న సంఘాలను వదిలేసి సొంత సంఘం పెట్టుకున్నారు. ఛత్తీస్‌గఢ్ మైన్స్ శ్రామిక్ సంఘ్. నడిపించడానికి శంకర్ గుహా నియోగీని పిలుచుకున్నారు. బెంగాల్ నుంచి వచ్చి, భిలాయ్ కోక్ ఓవెన్‌లో పనిచేసి, కూలీలతో కలిసి రాళ్లు కొట్టిన మనిషి ఆయన. వాళ్లడిగినవాటిలో ఒకటి నన్ను కదిలిస్తుంది. వానాకాలానికి ముందు గుడిసె బాగుచేసుకోడానికి, వెదుళ్లు కొనుక్కోడానికి, వంద రూపాయలు. జూన్ 2 రాత్రి పోలీసులు నియోగీని పట్టుకెళ్లారు. ఆయన్ని వదిలేదాకా కదిలేది లేదని కూలీలు కొందరు పోలీసులను చుట్టుముట్టి ఆపారు. ఆ రాత్రీ, మర్నాడూ జరిగిన కాల్పుల్లో 11 మంది చనిపోయారు. అందులో అనసూయాబాయి అనే కూలీ ఉంది, ఒక పిల్లవాడు ఉన్నాడు.

తర్వాత వాళ్లు చేసినవాటిని సమ్మెల లెక్కలో వేస్తే చాలదు. గనిని పూర్తిగా యంత్రాలకు అప్పగించే ఆలోచన వచ్చినప్పుడు, మనుషుల్ని తీసేయకుండా యంత్రాన్నీ చేతినీ కలిపి పనిచేసే పద్ధతిని సంఘమే తయారుచేసి ముందుపెట్టింది. సారా మానుకునే ఉద్యమం నడిపింది. పెరిగిన కూలి ఇంటికి చేరాలంటే మధ్యలో సారా కొట్టు ఉండకూడదని ఆడవాళ్లకు బాగా తెలుసు. ఇక 1983 జూన్ 3న, కాల్పులు జరిగి ఆరేళ్లు నిండిన రోజున, షహీద్ ఆసుపత్రి తెరిచారు. చందాలు వాళ్లవే, ఇటుక మోసిందీ వాళ్లే. బినాయక్ సేన్, ఆశీష్ కుందూ, శైబల్ జానా లాంటి డాక్టర్లు వచ్చి చేరారు. 15 పడకలతో మొదలైంది. చుట్టుపక్కల పల్లెల నుంచి రైతులూ వస్తూవస్తూ అది వంద పడకలు దాటింది. నియోగీని 1991 సెప్టెంబర్ 28న భిలాయ్‌లో, నిద్రలో ఉండగా కాల్చి చంపారు. ఆసుపత్రి ఆగలేదు. నన్నడిగితే ఆ కొండలోంచి వచ్చిన అన్నిటిలో విలువైనది ఇదే.

కొండ మాత్రం తరుగుతూ వచ్చింది. రాజహరాలో ఒకప్పుడు శిఖరాలున్నచోట ఇప్పుడు మెట్లు మెట్లుగా కోసిన ఎర్ర గుంతలు. ఖనిజాన్ని కడిగిన బురద హిత్‌కసా దగ్గర కట్టిన చెరువులోకి చేరింది. 2001లో 50 వేలు దాటిన ఊరి జనాభా 2011కి 44 వేల చిల్లరకు తగ్గింది. తరిగిపోయిన గనిని మరోలా దాచుకోవచ్చు. జర్మనీలో గోస్లార్ అనే చిన్న ఊరి పక్కన రామెల్స్‌బర్గ్ గని వెయ్యేళ్లకు పైగా నడిచి 1988లో మూతపడింది. నాలుగేళ్లకే, 1992లో, యునెస్కో దాన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. గని మ్యూజియం అయింది. అక్కడ వెయ్యేళ్లలో జరిగినది ఇక్కడ అరవై ఏళ్లలో జరిగింది. సమ్మెట, తట్ట, ఆ వంద రూపాయల వెదుళ్ల కథ దాచుకోడానికి రాజహరాలోనూ ఒక మ్యూజియం ఉండాలని నా కోరిక.

భిలాయ్ ఆకలి తీరలేదు. ఇప్పుడు చూపు రావ్‌ఘాట్ కొండల మీద ఉంది. రాజహరా నుంచి ఇంకా దక్షిణంగా, బస్తర్ అడవుల్లోకి 95 కిలోమీటర్ల రైలు దారి వేస్తూ వచ్చారు. 2022కి ప్యాసింజర్ రైలు అంతాగఢ్ చేరింది. అక్కడి నుంచి ముందుకెళితే గోండు పల్లెలు, వాళ్ల అడవి, మళ్లీ ఎర్రరాయి కొండ. ఒకప్పుడు ఆఖరి స్టేషన్‌గా ఉన్న దల్లీ రాజహరా ఇప్పుడు దారి మధ్యలో ఊరు. ఏటా జూన్ 3న మాత్రం అక్కడ ఎరుపూ పచ్చా జెండాలు పట్టుకుని ముసలి కూలీలు ఊరేగింపుగా కదులుతారు.