హైడ్రోఫోబియా: ఒక మాట, మూడు అర్థాలు

ఆంగ్లభాషలో 'ఫోబియా' అనే ప్రత్యయంతో ముగిసే పదాలు వందలకొద్దీ ఉన్నవి. ఎత్తు ప్రదేశాలంటే భయం, ఇరుకు గదులంటే భయం, సాలెపురుగులంటే భయం, ఇలా ప్రతి భయానికీ ఒక గ్రీకు పేరు సిద్ధంగా ఉంటుంది. ప్రాచీన గ్రీకుల పురాణాలలో ఫోబోస్ యుద్ధదేవుడైన ఏరీస్ కుమారుడు. రణరంగంలో సైనికులను బెదరగొట్టి పారిపోయేటట్లు చేయడం అతని పని. 1877లో అమెరికన్ ఖగోళ శాస్త్రజ్ఞుడు ఏసఫ్ హాల్ కుజగ్రహానికి రెండు ఉపగ్రహాలున్నట్లు కనుగొన్నప్పుడు, వాటిలో ఒకదానికి ఆ పేరే పెట్టారు. హోమరు కాలంలో ఆ మాటకు భయం కంటె 'పలాయనం' అనే అర్థమే ప్రధానం. ఈ సంగతి గుర్తుంచుకుంటే, ఫోబియా అన్న ప్రతిచోటా మనోభయమే ఉండనక్కరలేదని బోధపడుతుంది.

ఇందుకు చక్కని ఉదాహరణ 'హైడ్రోఫోబియా'. 'హైడ్రో' అంటే నీరు. రెండు ముక్కలు కలిపితే 'జలభీతి' అవుతుంది. చూడడానికి ఎంతో సులువైన మాట. కాని ఈ మాట వైద్యుని నోట ఒక అర్థాన్ని, రసాయన శాస్త్రజ్ఞుని నోట మరొక అర్థాన్ని, మానసిక శాస్త్రజ్ఞుని నోట ఇంకొక అర్థాన్ని ఇస్తుంది. వీటిలో ఒక అర్థాన్ని పొరబాటుగా గ్రహించడం వలన ప్రాణాలే పోవచ్చును. సెలవులకు పిల్లలతో స్వదేశానికి వెళ్ళివచ్చే కుటుంబాలకు ఈ మాట తెలిసి ఉండడం ఎంతైనా అవసరం.

వైద్యుని జలభీతి

మొదటి అర్థం అతి ప్రాచీనమైనది. పిచ్చికుక్క కాటు వలన కలిగే వ్యాధినే ఇంగ్లీషువారు అనేక తరాలపాటు హైడ్రోఫోబియా అని పిలిచారు. నేడు మనం దానిని రేబీస్ అంటున్నాము. క్రీస్తుశకం మొదటి శతాబ్దికి చెందిన రోమన్ రచయిత సెల్సస్ ఈ వ్యాధికి గ్రీకులు పెట్టిన పేరును పేర్కొంటూ, రోగిని దాహమూ నీటిభయమూ ఏకకాలంలో పీడిస్తాయని వర్ణించాడు. మన సుశ్రుత సంహితలోని కల్పస్థానంలో ఇదే లక్షణానికి 'జలత్రాసం' అని పేరు. నీటిని చూచినా, తాకినా బెదిరిపోయే రోగి ఇక బ్రతకడని సుశ్రుతుడు స్పష్టంగా చెప్పాడు. ఇద్దరూ ఒకే దృశ్యాన్ని చూచి, ఒకే రీతిగా నామకరణం చేయడం విశేషం.

ఇంతకూ ఆ రోగి నిజంగా నీటికి భయపడుతున్నాడా? మొదట కాదనే చెప్పాలి. అతనికి దాహం వేస్తుంది. నీరు కావాలని అడుగుతాడు కూడా. కాని గుక్కెడు నీరు మ్రింగబోయేసరికి గొంతు కండరాలు, ఊపిరి తీయించే కండరాలు ఒక్కసారిగా బిగుసుకుపోతాయి. ఊపిరాడక ప్రాణం పోతున్నట్లవుతుంది. మెదడులో చేరిన వైరస్ అక్కడి నరాల అదుపును చెడగొట్టడమే దీనికి కారణం. రెండుమూడుసార్లు ఇట్లా జరిగిన పిమ్మట గ్లాసును చూచినా, నీటి చప్పుడు విన్నా అదే బాధ మొదలవుతుంది. అనగా ఇక్కడ భయం ఫలితమే కాని మూలకారణం కాదు. ఫ్యాను గాలి ముఖానికి తగిలినా కొందరికి ఈ బిగింపు వస్తుంది. దానిని వైద్యులు 'ఏరోఫోబియా' అంటారు. విమానప్రయాణమంటే భయపడేవారికి సామాన్య వ్యవహారంలో వాడే మాట కూడా అదే కావడం మరొక విచిత్రం.

పేరు తెచ్చిన ప్రమాదం

పేరును బట్టి రోగాన్ని ఊహించుకోవడంలో గొప్ప ప్రమాదమున్నది. "కరచిన కుక్క నీళ్ళు త్రాగుతున్నది గనుక దానికి పిచ్చి లేదు" అని ధైర్యం చెప్పే పెద్దలు మన ఊళ్ళలో ఈనాటికీ కనిపిస్తారు. ఇది పూర్తిగా తప్పు. జలభీతి మానవులలో కనిపించే లక్షణం. రేబీస్ సోకిన కుక్క నీటిని చూచి బెదరదు. నీటిలో మూతి పెడుతుంది, కొంతకాలం త్రాగగలదు కూడా. గొంతు పక్షవాతం ముదిరిన తరువాత మ్రింగలేకపోవచ్చును గాని, అది భయం కాదు.

మనుష్యులలో సైతం రేబీస్ సోకిన అందరికీ జలభీతి కలుగదు. సుమారు అయిదింట ఒకవంతు మందిలో ఈ వ్యాధి పక్షవాత రూపంలో, కాళ్ళుచేతులు క్రమంగా పడిపోతూ, నిశ్శబ్దంగా వస్తుంది. కనుక జలభీతి లేదంటే రేబీస్ లేదని అర్థం కాదు. జలభీతి కనిపించిందంటే మాత్రం వైద్యానికి సమయం మించిపోయినట్లే. 2004లో అమెరికాలోని విస్కాన్సిన్ రాష్ట్రంలో గబ్బిలం కరచిన ఒక బాలిక టీకా లేకుండానే బ్రతికి బయటపడింది. అటువంటివారిని ప్రపంచం మొత్తం మీద వ్రేళ్ళపై లెక్కించవచ్చును. ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారం ఏటా దాదాపు 59,000 మంది ఈ వ్యాధికి బలి అవుతున్నారు. వారిలో అత్యధికులు ఆసియా, ఆఫ్రికా ఖండాలవారు. పదిమందిలో నలుగురు 15 సంవత్సరాలలోపు పిల్లలు. మానవులకు సోకే రేబీస్‌లో 99 శాతం వరకు కుక్కల ద్వారానే వస్తున్నది.

లూయీ పాశ్చర్ 1885 జూలై 6న జోసెఫ్ మైస్టర్ అనే తొమ్మిదేళ్ళ బాలునికి తొలిసారిగా టీకా వేయించడంతో ఈ వ్యాధి చరిత్ర మలుపు తిరిగింది. అదే సంవత్సరం డిసెంబరులో న్యూజెర్సీలోని నెవార్క్ నగరంలో కుక్కకాటుకు గురైన నలుగురు బాలురను, చందాలు పోగుచేసి, ఓడలో పారిస్‌కు పంపారు. ఆనాడు చికిత్స కోసం అమెరికావారు సముద్రం దాటవలసి వచ్చింది. దక్షిణ భారతంలో 1907లో కూనూరులో పాశ్చర్ ఇన్‌స్టిట్యూట్ పనిచేయడం ప్రారంభించింది. 1911లో కసౌలీలో డేవిడ్ సెంపుల్ రూపొందించిన టీకాను గొర్రె మెదడు నుండి తయారుచేసేవారు. 'బొడ్డు చుట్టూ పధ్నాలుగు ఇంజెక్షన్లు' అని మనలో పెద్దవారు భయంతో చెప్పుకునేది ఈ టీకా గురించే. దాని వలన అరుదుగా పక్షవాతం కూడా వచ్చేది. 2005 నాటికి భారతదేశం దానిని పూర్తిగా విడిచిపెట్టింది. నేటి టీకాలను కణవర్ధన పద్ధతిలో తయారుచేసి చేతికే వేస్తారు. హైదరాబాదులోని ఇండియన్ ఇమ్యునలాజికల్స్ వంటి సంస్థలు వీటిని ఉత్పత్తి చేస్తున్నవి. కనుక పాత ఇంజెక్షన్ల భయంతో టీకాకు వెనుదీయడం తగదు.

రసాయన శాస్త్రజ్ఞుని జలవిరోధం

ఇక రెండవ అర్థం. రసాయన శాస్త్రంలో 'హైడ్రోఫోబిక్' అనే విశేషణమే ఎక్కువగా వాడుకలో ఉన్నది. ఇంటర్మీడియట్ తెలుగు మాధ్యమంలో చదివినవారికి 'ద్రవప్రియ', 'ద్రవవిరోధి' అనే మాటలు గుర్తుండవచ్చు. ఆ వరుసలోనే నీటితో కలిసేవి జలప్రియ పదార్థాలు, కలవనివి జలవిరోధి పదార్థాలు. నూనె, మైనం, దోసె పెనం మీద పూసే టెఫ్లాన్ జలవిరోధులు.

ఇక్కడ కూడా పేరు మనలను కొంత తప్పుదారి పట్టిస్తుంది. నూనెకు నీటిపై ద్వేషమూ లేదు, భయమూ లేదు. ఆ రెండింటి అణువుల మధ్య స్వల్పమైన ఆకర్షణ ఉండనే ఉన్నది. అసలు సంగతి నీటిలోనే ఉన్నది. నీటి అణువులు హైడ్రోజన్ బంధాలతో ఒకదానినొకటి గట్టిగా పెనవేసుకొని ఉంటాయి. మధ్యలోకి వచ్చిన నూనె అణువుకు అవి చోటివ్వవు. చోటు దొరకని నూనె అణువులన్నీ ఒకచోట చేరుతాయి. బంధువులందరూ ఒకే మూల చేరి ముచ్చట్లాడుకునే పెండ్లిపందిరిలో పరిచయం లేని అతిథులు మరొక మూల చేరినట్లన్నమాట.

జీవరాశికి ఈ గుణమే ఆధారం. మన శరీరంలోని ప్రతి కణానికీ చుట్టూ కొవ్వుతో ఏర్పడిన పలుచని పొర నిలిచి ఉండడానికి ఇదే కారణం. పొడవైన దారాల వంటి ప్రోటీనులు తమ జలవిరోధి భాగాలను లోపలికి దాచుకుంటూ ముడుచుకొనడంలో ఈ గుణానికున్న ప్రాధాన్యాన్ని 1959లో వాల్టర్ కౌజ్‌మన్ విశదీకరించాడు.

తామరాకు మీద నీటిబొట్టు మనకు తరతరాల ఉపమానం. భగవద్గీతలోనూ ఆ పోలిక ఉన్నది. దానిలోని శాస్త్రాన్ని జర్మన్ వృక్షశాస్త్రజ్ఞులు విల్హెల్మ్ బార్ట్‌లాట్, క్రిస్టోఫ్ నైన్‌హైస్ 1997లో ప్రకటించిన పరిశోధనలో వివరించారు. తామరాకు కంటికి నున్నగా తోచినా, సూక్ష్మదర్శినిలో దానిపై వేలకొద్దీ చిన్నచిన్న బుడిపెలు, వాటి మీద మైనపు పూత కనిపిస్తాయి. నీటిబొట్టు ఆ బుడిపెల కొనల మీద, నడుమనున్న గాలిపై తేలినట్లు నిలుస్తుంది. ఆకుతో అది చేసే కోణం 150 డిగ్రీలను మించుతుంది. కొంచెం వంచితే చాలు, దుమ్మును కూడా తనతో తీసుకొని జారిపోతుంది. నేడు మరకలంటని వస్త్రాలకు, గోడలకు వేసే కొన్ని రంగులకు ఈ తామరాకే గురువు.

మానసిక శాస్త్రజ్ఞుని మాట

మూడవది సామాన్యులు ఊహించుకునే అర్థం, అనగా నీళ్ళంటే నిజమైన భయం. ఈత కొలనులో దిగడానికి వణికేవారు, చెరువుగట్టున నిలబడలేనివారు ఈ కోవకు చెందుతారు. వ్యాధిలక్షణంతో పొరపడకుండా ఉండేందుకు దీనిని 'ఆక్వాఫోబియా' అనడం మేలు. ఆక్వా లాటిన్ మాట, ఫోబియా గ్రీకు మాట. సంకరపదమైనా ఉపయోగకరమైనది. అమెరికన్ మనోవైద్యుల సంఘం 1994లో వెలువరించిన వర్గీకరణలో నీటిభయాన్ని ఎత్తుల భయం, తుఫానుల భయంతోపాటు ప్రకృతికి సంబంధించిన భయాల క్రింద చేర్చింది. దీనికి చికిత్స కలదు. భయపడే వస్తువును కొద్దికొద్దిగా, ఓర్పుతో అలవాటు చేయడమే ఆ చికిత్స. భయపడే పిల్లవానిని ఒక్కసారిగా నీళ్ళలోకి తోయడం చికిత్స కాదు.

ఒక జలవిరోధం మరొక జలభీతిని జయించే విధం

ఈ అర్థాలలో మొదటి రెండూ ఒకచోట కలుసుకొనడమే ఈ మాట కథలో కెల్ల ముఖ్యమైన ఘట్టం. రేబీస్ వైరస్ చుట్టూ కొవ్వుతో కూడిన ఒక పొర ఉన్నది. సబ్బు అణువుకు ఒక కొన జలప్రియం, మరొక కొన జలవిరోధి. గాయాన్ని సబ్బుతో కడిగినప్పుడు, నీటిలో చోటు దొరకని ఆ జలవిరోధి కొనలు వైరస్ కొవ్వుపొరలోకి దూరి దానిని చీల్చివేస్తాయి. పొర చెడిన వైరస్ కణంలోకి ప్రవేశించలేదు. ధారగా పడే నీరు మిగిలినదానిని కడిగివేస్తుంది. రసాయన శాస్త్రజ్ఞుని హైడ్రోఫోబియా వైద్యుని హైడ్రోఫోబియాను ఆరంభంలోనే అడ్డుకుంటున్నదన్నమాట.

కుక్క కరచినా, గోళ్ళతో గీరినా, చర్మం చీరుకుపోయినచోట నాకినా, వెంటనే కుళాయి క్రింద సబ్బుతో 15 నిమిషాలపాటు గాయాన్ని కడగాలి. పిల్లి, కోతి విషయంలోనూ ఇంతే. కారం, సున్నం, పసరు వంటివి గాయానికి పట్టించకూడదు. కడగడంతో పని పూర్తి కాదు. అదేరోజు ఆసుపత్రికి వెళ్ళి టీకా ప్రారంభించాలి. చర్మం చీల్చుకొని రక్తం వచ్చిన గాయమైతే, టీకాతోపాటు ఇమ్యునోగ్లోబ్యులిన్ అనే రక్షక ద్రవ్యాన్ని గాయం చుట్టూ ఎక్కించాలి. కుక్కను పదిరోజులు గమనించవచ్చును గాని, ఆ గమనిక కోసం టీకాను ఆపరాదు. వైరస్ నరాల వెంట నెమ్మదిగా ప్రయాణిస్తుంది. వ్యాధి బయటపడడానికి సాధారణంగా రెండుమూడు నెలలు పడుతుంది. ఆ వ్యవధియే మనకు దొరికిన వరం.

బ్రిటన్ 1922లో కుక్కల రేబీస్‌ను నిర్మూలించింది. అమెరికాలో కుక్కల జాతి రేబీస్ లేదని 2007లో ప్రకటించారు. ఇక్కడ గబ్బిలాలు, రాకూన్ల వంటి అడవి జంతువుల వలన మాత్రమే ముప్పు మిగిలి ఉన్నది. అందువలన ఇక్కడ పెరిగిన పిల్లలకు వీధికుక్క అంటే జాగ్రత్త తెలియదు. తాతగారి ఊరిలో కనిపించిన ప్రతి కుక్కపిల్లనూ ముద్దు చేయబోతారు. చిన్న గాటు పడితే, పెద్దలు కోప్పడతారని దాచివేస్తారు. ప్రయాణానికి ముందే "కుక్క కరిస్తే దాచకు, నిన్ను ఎవరూ కోప్పడరు" అని వారికి నచ్చజెప్పడం పాస్‌పోర్టు సర్దుకున్నంత ముఖ్యం. ఎక్కువకాలం ఉండదలచినవారు ముందుజాగ్రత్త టీకా గురించి తమ వైద్యుని సంప్రదించవచ్చు. నేటి పద్ధతిలో అది వారం వ్యవధిలో రెండు మోతాదులు. అది వేయించుకున్నవారికి కూడా కాటు తరువాత మరి రెండు మోతాదులు అవసరమే. ఇమ్యునోగ్లోబ్యులిన్ అవసరం మాత్రం తప్పుతుంది.

పాశ్చర్ మరణించిన సెప్టెంబరు 28వ తేదీని ప్రపంచ రేబీస్ దినంగా పాటిస్తున్నారు. రెండువేల సంవత్సరాలకు పైగా మానవుని వణికించిన వ్యాధికి మందు కనుగొని శతాబ్దం దాటినా, ఇంకా పిల్లలు చనిపోతున్నారంటే మందు లేక కాదు, సకాలంలో అందక, తెలియక. నిఘంటువులో ఒక మాటకు మూడు అర్థాలుండవచ్చును. కాటు పడిన క్షణంలో జ్ఞాపకం రావలసినవి మాత్రం సబ్బు, నీరు, టీకా.