తీరికవేళ పనా ఇది?

మొన్న రావికమతంలో మా ఇంటికి వచ్చిన బావగారు బల్లమీద పరచిన లేసుగుడ్డను చూసి ధర అడిగారు. చెప్పగానే ముక్కుమీద వేలేసుకున్నారు.

"ఆడవాళ్లు తీరికవేళ అల్లుకునేదానికి ఇంత ఖరీదా!"

మా ఇంటావిడ ఏమీ అనలేదు. లోపలికి వెళ్లి కొక్కెపు సూదీ, దారపు ఉండా తెచ్చి ముందు పెట్టింది. "ఒక్క పువ్వు అల్లు అన్నయ్యా, చూద్దాం" అంది. ఆయన నవ్వి ఊరుకున్నారు.

ఆ గుడ్డ నరసాపురంలో అల్లినది. మా నర్సీపట్నానికీ దానికీ పేరులోనే పోలిక. ఆ ఊరు పశ్చిమగోదావరి జిల్లాలో, గోదావరి ఒడ్డున ఉంది. 19వ శతాబ్దంలో క్రైస్తవ మిషనరీలు అక్కడి పేద స్త్రీలకు ఈ అల్లిక నేర్పారు. తరవాత గడప దాటని కాపు ఇళ్ల ఆడవారూ చేపట్టారు.

దీనికి మగ్గం అక్కరలేదు. కొక్కెంతో ఒక ఉచ్చులోంచి మరో ఉచ్చు లాగుతూ పోవడమే. పాలు పొంగుతుంటే కింద పెట్టి, దించి వచ్చి, విడిచినచోటే మళ్లీ అందుకోవచ్చు. ఇంటిపనిలో ఇంతగా ఇమిడిపోవడం దాని సుగుణం. అదే దానికి శాపమూ అయింది. చేసే పని ఎవరి కంటా పడలేదు, కూలి పెరగలేదు.

జర్మన్ సామాజిక శాస్త్రవేత్త మరియా మీస్ ఈ స్త్రీల బతుకును పరిశీలించి 1982లో పుస్తకం వెలువరించారు. ఆమె చూసినవారు ఇంటిచాకిరీ కాక రోజుకు ఆరు నుంచి ఎనిమిది గంటలు అల్లేవారు. 'చేతిపని' వారు ముక్కలు అల్లితే, 'అతుకుపని' వారు వాటిని కలిపేవారు. దారం తెచ్చేది ఏజెంటే, అల్లినది పట్టుకుపోయేదీ ఏజెంటే. అది ఏ దేశంలో ఏ ధరకు అమ్ముడుపోతుందో అల్లినవారికి తెలిసేది కాదు. పొలంకూలి కంటే తక్కువ గిట్టేది. అయినా లోకం వారిని పనివారనలేదు; ఇంటిపట్టున ఉండే ఇల్లాళ్లంది.

2024లో నరసాపురం లేసుకు భౌగోళిక గుర్తింపు లభించింది. ఇక ఆ పేరు పెట్టి మరొకరు మరొకటి అమ్మరాదు. సంతోషమే. పేరుకు రక్షణ దొరికింది. కాని వేళ్లకు దక్కవలసిన కూలి ఆ పత్రంలో రాసి ఉండదు. అది అల్లించేవారి ధర్మం, కొనేవారి వివేకం.

బావగారు వెళ్లబోతూ గుడ్డను మళ్లీ తడిమి చూశారు. పువ్వులు లెక్కపెట్టసాగారు. నలభై దాటేసరికి కాఫీ వచ్చింది, లెక్క తప్పింది. ధర మాట మాత్రం మళ్లీ ఎత్తలేదు.