భానుమతి గొంతు

బిలాస్‌పూర్ రైల్వే కాలనీల తెలుగు పట్టాల వెంట ప్రయాణించి వెళ్ళిన తెలుగు. బెంగాల్ నాగపూర్ రైల్వే కొలువులకై ఆంధ్రతీరం నుండి తరలిన కుటుంబాల పిల్లలు, వారి పిల్లలు బడిలో హిందీ చదివినవారు. ఇంట తెలుగు మాట్లాడుతారుగాని తెలుగు అచ్చుపుట చదవలేనివారు వారిలో ఎందరో వున్నారు. అట్టివారికి భాష చెవిద్వారానే అందవలె. చలనచిత్రం వారికట్లు అందించిన తెలుగు గొంతులలో భానుమతీ రామకృష్ణ గొంతు ప్రత్యేకంగా పరిశీలింపదగినది. ఆమె అరువది సంవత్సరాల నటజీవిత రహస్యం చాలవరకు ఆ గొంతులోనే వున్నది.

భానుమతి 1925లో ఒంగోలు ప్రాంతపు దొడ్డవరంలో జన్మించింది. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య సంగీతప్రియుడు; తొలిగురువు ఆయనే. కాళ్ళకూరి నారాయణరావు నాటకాన్ని సి. పుల్లయ్య 1939లో ‘వరవిక్రయం’గా తెరకెక్కించినప్పుడు, కట్నపు పెండ్లికంటె మరణమే మేలనుకొన్న కాళింది పాత్ర ఆమెకు లభించింది. మాటాడే చిత్రాల ఆ తొలినాళ్ళలో పాడలేని నటికి నాయికపాత్ర దొరకుట దుర్లభం. కెమెరా ఎదుట నిలిచి, నటిస్తూనే పాడవలసివుండేది.

తరువాత నేపథ్యగానం వచ్చింది. ముఖమొకరిది, గొంతు మరొకరిది అయినది. దీనివలన గొప్ప గాయనులూ, గొప్ప నటీమణులూ వేరువేరుగా వెలసిన మాట నిజమే. కాని భానుమతి మాత్రం తన పాటను పరులకు అప్పగింప నిరాకరించింది. ‘మిస్సమ్మ’ నాయికపాత్ర మొదట ఆమెదే. నిర్మాత చక్రపాణితో పొసగక ఆమె తప్పుకొన్నది. 1955లో విడుదలైన ఆ చిత్రంలో నటన సావిత్రిది, గానం పి. లీలది. భానుమతి వుంటే ఆ రెండు పనులూ ఒక్కరే చేసివుండేవారు. చిత్రం మెరుగయ్యేదో తరిగేదో గాని, వేరొక చిత్రమయ్యేదనుటలో సందేహం లేదు.

ఆ గొంతులో నునుపుకంటె నిబ్బరం ఎక్కువ. 1945లో బి.ఎన్. రెడ్డి ‘స్వర్గసీమ’లో పురుషుని మోహపెట్టిన గొంతే 1951లో ఆయన ‘మల్లీశ్వరి’లో ఎడబాటును పలికింది. దేవులపల్లి కృష్ణశాస్త్రి మాటలోని మెత్తదనానికి ఆ కంఠపు గట్టిదనం వెన్నుదన్నయింది. మెత్తని గొంతు పాడివుంటే ఆ రచన కొంత కరిగిపోయేదేమో!

నాయికలకు వయస్సు శత్రువు. ఆమెకు కాకపోవుటకు మరొక కారణం భరణీ సంస్థ. భర్త పి.ఎస్. రామకృష్ణారావుతో కలిసి నెలకొల్పిన ఆ సంస్థలో ఆమె మరొకరి పిలుపుకై ఎదురుచూడనక్కరలేకపోయింది. 1953లో ‘చండీరాణి’ని తెలుగు, తమిళం, హిందీ భాషలలో తానే దర్శకత్వం వహించి తీసింది. శరత్ నవల ఆధారంగా 1961లో ‘బాటసారి’ వచ్చింది. 1984లో ‘మంగమ్మగారి మనవడు’లో నాయనమ్మగా కనిపించినప్పుడూ పాడింది తానే. చివరి దశలో దర్పంగల పెద్దముత్తైదువ వేషం కొంత మూసగా మారిందని ఒప్పుకోవలె. 1998లో ‘పెళ్ళికానుక’తో నటన ముగిసింది. 2001లో పద్మభూషణ్ లభించింది, 2005లో మరణించింది.

రచయితలు తరచు విస్మరించేది ఆమె ‘అత్తగారి కథలు’. మునిమాణిక్యం కాంతాన్ని భర్త కంటితో చూపగా, భానుమతి అత్తగారిని కోడలి కంటితో చూపింది. మడీ, ఆచారమూ, అమాయకత్వమూ, పెత్తనమూ కలగలసిన ఆ పెద్దావిడను కోడలు వెక్కిరించదు, ఓపికతో గమనిస్తుంది. వాక్యం నోటివాక్యం. విరుపులు ఎక్కడ పడవలెనో పాడగల రచయిత్రికి తెలుసు. కనుకనే ఆ కథలు పైకి చదివితే మరింత రాణిస్తాయి. బిలాస్‌పూర్ వంటి చోట, అక్షరం తెలిసిన ఒక నాయనమ్మ పుస్తకం తెరచి చదివితే, అక్షరం రాని మనుమలు కూడా నవ్వవలసిన చోటనే నవ్వగలరు.